సోలాంజ్ గడపలో ఫిల్ము ముక్కలు

పొద్దున ఏడింటికి మెట్లు ఊడుస్తున్న మదాం ప్రూవో, చీపురు చంకన పెట్టుకుని సినిమా నటి సోలాంజ్ కెర్వెల్ తలుపు తట్టింది.

"మీవి మళ్ళీ వచ్చాయి మేడమ్. ఈసారి మూడు. ఇప్పుడే ఊడ్చిన మెట్లు, చూడండి ఎంత బురద చేశాయో!"

సోలాంజ్ ఆ ఫిల్ము ముక్కల్ని తీసుకుంది. ఏ సినిమాలోంచి ఆమె సీను కత్తిరించినా, ఆ ముక్క స్టూడియో వాకిలి దాటి, సెయిన్ నది వంతెన మీదుగా పాక్కుంటూ ఆమె ఇంటికే వచ్చేది. దారిలో పోలీసు వాటి కోసం బస్సులు ఆపేవాడు. ఇరవై ఏళ్ళుగా వస్తూనే ఉన్నాయి. ఆమె బీరువాలో గౌన్లకు చోటే లేదు.

వాటిలో ఒకదాన్ని కిటికీ వెలుగుకు పెట్టి చూసింది. పెళ్ళాం నోరు విప్పి మొగుణ్ణి కడిగేసే సీను. అదీ పోయింది. ఇక సినిమాలో మిగిలింది ఆమె ఏడుపే. ఒళ్ళు మండి, చేతిలోని కాఫీ గిన్నెను గోడకేసి కొట్టింది.

నిర్మాత దెల్బోస్ దగ్గరికి వెళ్ళి నిలదీస్తే ఆయన నోట్లోంచి చుట్ట కూడా తియ్యకుండా నవ్వాడు. "నువ్వు ఏడిస్తే జనం వస్తారు సోలాంజ్. మాట్లాడితే ఎవడొస్తాడు?"

"అయితే నా సినిమా నేనే తీసుకుంటాను."

"తియ్యి తల్లీ. ఆడించాల్సింది నా హాళ్ళలోనేగా!"

అన్నంత పనీ చేసింది. ఒక గది అద్దెకు తీసుకుని తలుపు మీద తన పేరు రాయించింది. బ్రెతాన్య సముద్రతీరంలో సార్డీన్ చేపల ఫ్యాక్టరీ కథ. సోలాంజ్ తల్లి అలాంటి చోటే చేపల తలలు కోస్తూ బతుకంతా గడిపింది. కథలో ఆడవాళ్ళు కత్తులు బల్ల మీద పడేసి పని మానేస్తారు. గేటు దగ్గర ముసలి కూలీగా సోలాంజ్ నాలుగు నిమిషాలు మాట్లాడుతుంది. తరవాత మారివోన్ అనే కొత్త పిల్ల మరో నాలుగు నిమిషాలు మాట్లాడుతుంది. ఆ మొదటి నాలుగు నిమిషాల కోసమే సోలాంజ్ ఇంత తలనొప్పి నెత్తికెత్తుకుంది.

సినిమా చూసి దెల్బోస్ గడియారం తీశాడు. "నాలుగు నిమిషాలు ఎక్కువైంది. ఆ పిల్లను తీసెయ్. దాని మొహం ఎవడికి తెలుసు?"

సోలాంజ్ ఎదురు చెప్పలేదు. తన సీను పోవడం లేదు కదా అని లోలోపల ఊపిరి పీల్చుకుంది కూడా.

ఎడిటింగ్ గదిలో ఇవెట్ తెల్ల నూలు చేతితొడుగులు వేసుకుని రీలు తిప్పుతోంది. సోలాంజ్ మొదటి సినిమా నుంచీ తెలిసిన మనిషి.

"ఇవెట్, మారివోన్ సీను తీసెయ్. కథ కుంటుతోంది."

"కథ కుంటుతోందా, నీ కడుపు మండుతోందా? తెర మీద అది నిన్ను మింగేసిందిలే, నాకు కళ్ళున్నాయి."

"నిర్మాతను నేనా, నువ్వా?" సోలాంజ్ కత్తెర లాక్కుని తనే కోసింది.

ముక్క నేల మీద పడి, ఒళ్ళు విదుల్చుకుని, మారివోన్ ఇంటికని గుమ్మం వైపు బయల్దేరింది. ఇవెట్ ఎప్పటిలాగే తలుపు తియ్యడానికి లేచింది. సోలాంజ్ విసురుగా దాన్ని మడమతో తొక్కిపెట్టింది. అది కాలి కింద గిలగిలా కొట్టుకుంది.

కాలు దానంతటదే పైకి లేచింది. ఇన్నేళ్ళలో దెల్బోస్ ఎన్నో కోశాడు గానీ, ఇంటికి పోయేదాన్ని ఇలా తొక్కలేదు. ఆయన్ని మించిపోయాను అనుకుంది. తన మీద తనకే అసహ్యం వేసింది. ముక్కను ఎత్తి జేబురుమాలుతో తుడిచింది.

"అతికించు."

"మరి నాలుగు నిమిషాలు?"

"నాది తీస్తాను."

ఇవెట్ రీలును ఆ సీను దగ్గరికి తిప్పింది. సోలాంజ్ కత్తెర తీసుకుని కోసింది. తల్లి మాటలు, తను ఇరవై ఏళ్ళు దాచుకున్న మాటలు, కింద పడ్డాయి. ఆమె చెయ్యి చాచింది. ముక్క కదల్లేదు.

"రాదేం?"

"దీన్నెవరూ తరమలేదుగా, నువ్వే ఇచ్చేశావు," అంటూ ఇవెట్ దాన్ని తీసి కొక్కేనికి తగిలించింది.

మొదటి ఆటకు దెల్బోస్ సూటు వేసుకుని వచ్చి సోలాంజ్ పక్కనే కూర్చున్నాడు. తెర మీద మారివోన్ నోరు విప్పింది. హాల్లో దగ్గు కూడా వినబడలేదు. ఆ నెలలోనే ముగ్గురు దర్శకులు ఆ పిల్ల కోసం కబురు పెట్టబోతున్నారని ఇంకా ఎవరికీ తెలియదు.

"ఇదేంటి?" దెల్బోస్ సగం లేచి బుసకొట్టాడు. "దాన్ని తీసెయ్యమన్నానా! నీ సీనేది?"

"తీసేశాను."

"పిచ్చెక్కిందా? జనం నీ మొహం చూడ్డానికొచ్చారు!"

"దాని మాట వింటున్నారు. నువ్వూ నోరు మూసుకుని విను!"

ఆ కేకకు ముందు వరుసలన్నీ వెనక్కి తిరిగి దెల్బోస్‌నే కసిరాయి. ఆయన కూర్చున్నాడు. చుట్ట ఆరిపోయింది. సినిమాలు తియ్యడం మొదలెట్టాక మొట్టమొదటిసారి ఒక ఆడదాని మాట చివరిదాకా విన్నాడు.