అనధికార వ్యక్తి

ఆ సోమవారం పొద్దున ఏడుంపావుకి, ఆసుపత్రి వెనక గేటు దగ్గర, పొట్లాలక్క మెడలోంచి గుర్తింపు కార్డు తీసేసుకున్నారు. తీసుకున్నవాడు గేటు కాపలావాడు. "నాదేం లేదక్కా. కార్డు తీసుకుని నిన్ను పైకి పంపమన్నారు" అని, ఆ కార్డు తాడును వేలికి చుట్టుకుంటూ నేలచూపులు చూశాడు. ఆమెకు ఆ కార్డు ఇచ్చి నాలుగు రోజులే అయింది. ఫొటోలో ఆమె కాస్త నవ్వుతూ కూడా ఉంది.

ఆమెకు ఆ పేరు పని వల్ల వచ్చింది. ఆపరేషన్లలో వాడే కత్తెరలు, పట్టకార్లు, గిన్నెలు కడిగి, ఆరబెట్టి, లెక్క చూసి, గుడ్డలో పొట్లాలు కట్టి, ఆవిరి యంత్రంలో పెట్టి శుద్ధి చేయడం ఆమె పని. పాత ఆసుపత్రిలో పంతొమ్మిదేళ్ళు అదే చేసింది. ప్రతి పొట్లానికీ ఒక పట్టీ అంటిస్తారు. ఆవిరి సరిగ్గా తగిలితే దాని మీది చారలు నల్లబడతాయి. చార ఏమాత్రం పలచగా కనిపించినా ఆమె పొట్లం విప్పేసి మళ్ళీ మొదటి నుంచీ కట్టేది. పెద్ద డాక్టరు గుమ్మంలో నిలబడి కేకలేసినా చెయ్యి తడబడేది కాదు. "అరిచేవాళ్ళు అరవండి సార్. అరిస్తే చార నల్లబడదు" అని ఒకసారి అందట. ఆయన కిక్కురుమనకుండా వెళ్ళి కుర్చీలో కూర్చున్నాడట. ఆ ఆసుపత్రి మూతపడ్డాక, ఈ కొత్త పెద్దాసుపత్రివాళ్ళు ఆమె చేత రెండు పొట్లాలు కట్టించి చూసి, గంట తిరక్కుండా పనిలోకి తీసుకున్నారు.

పైన హెచ్.ఆర్. గదిలో ఆఫీసరుకు ముప్ఫై ఏళ్ళు దాటి ఉండవు. చొక్కా మడత నలగలేదు.

"మీ వెరిఫికేషన్ రిపోర్టు నెగటివ్ వచ్చింది మేడమ్" అన్నాడు.

"మా పనిలో నెగటివ్ వస్తే అందరం సంతోషిస్తాం సార్."

అతను నవ్వలేదు. "ఉద్యోగాల్లో చేరేవాళ్ళ పూర్వాపరాలు మేం బయటి కంపెనీ చేత చూపిస్తాం. మీ విషయంలో వాళ్ళు అభ్యంతరం చెప్పారు. మేం చేయగలిగిందేం లేదు."

"ఏమని చెప్పారు?"

"అది గోప్యం."

"నా గురించే కదా రాసింది?"

"మీ గురించే. కానీ మీకోసం కాదు."

ఆమె బయటికొచ్చేసింది. మెట్లు దిగుతుంటే, అలవాటు కొద్దీ చెయ్యి మెడ దగ్గరికి పోయి, కార్డు లేక వెనక్కొచ్చింది.

ఇంట్లో మేనకోడలుంది. చనిపోయిన తమ్ముడి కూతురు. పిల్ల చిన్నప్పుడే తల్లి పోతే అత్తే పెంచింది. ఇప్పుడు సెల్‌ఫోన్లు బాగుచేసే కొట్లో పనిచేస్తోంది. ఏ కాయితం మీద సంతకం పెట్టాల్సి వచ్చినా ముందు దానికి ఫొటో తీయడం ఆ పిల్లకు జబ్బు లాంటిది. అత్త ఉద్యోగం కాయితాలన్నిటికీ చేరిన రోజే ఫొటోలు తీసి పెట్టుకుంది. విషయం వినగానే ఒంటికాలి మీద లేచింది.

"నువ్వేం అన్నావు?"

"ఏమంటాను? వచ్చేశాను."

"పొట్లం చార పలచబడితే డాక్టర్నే నిలబెట్టేదానివి. నీ బతుకు పలచబడితే మాత్రం వచ్చేశావా?"

"నోరు ముయ్యవే."

పిల్ల నోరు మూసింది గానీ, ఫోను తెరిచి, నా పూర్వాపరాలు చూసుకోవచ్చు అని అత్త సంతకం చేసిన కాయితాన్ని వేళ్ళతో పెద్దది చేసి, అక్షరం అక్షరం చదివింది. రెండు పేరాలు దొరికాయి. మొదటిది: మనిషి గుర్తింపు, చదువు, పాత ఉద్యోగాలు, పోలీసు కేసులు, ఈ నాలుగు మాత్రమే చూస్తాం. రెండోది: రిపోర్టు ఆధారంగా ఉద్యోగం నిరాకరించే ముందు, చట్టం ప్రకారం, ఆ రిపోర్టు కాపీ అభ్యర్థికి ఇచ్చి, జవాబు చెప్పుకోవడానికి ఏడు రోజులు గడువిస్తాం.

"ఇచ్చారా కాపీ?"

"లేదు."

"గడువు?"

"కార్డు తీసుకున్నారు, అంతే."

"మరి పద అత్తా, వాళ్ళ కాయితం వాళ్ళకే చదివి వినిపిద్దాం."

"నువ్వు రావద్దు. నీ నోటికి భయపడి ఇచ్చారనుకుంటారు."

మర్నాడు ఆమె ఒక్కతే వెళ్ళింది. ఆఫీసరు ఆ రెండు పేరాలూ చదివి నీళ్ళు నమిలాడు. అడిగి చెప్తాను, రేపు రండి అన్నాడు.

"కూర్చుంటాను సార్. మీ దయవల్ల నాకు ఇవాళ వేరే పనేం లేదు" అంది.

నిజంగానే కూర్చుంది. వచ్చినవాళ్ళందరూ ఈవిడెవరు అన్నట్టు చూస్తున్నారు. మధ్యాహ్నం మూడింటికి అతను నాలుగు పేజీలు తెచ్చి బల్ల మీద పెట్టాడు. ఆమె అక్కడే, నిలబడే, చదివింది.

గుర్తింపు సరిపోయింది. చదువు సరిపోయింది. పాత ఆసుపత్రి సూపర్నెంటు ఆమెను గురించి బాగానే చెప్పాడు. పోలీసు కేసులు లేవు. మూడో పేజీలో 'అద్దెదారు చరిత్ర' అని ఇంకో భాగం ఉంది. అందులో రెండు పంక్తులు. ఒప్పందం ఉల్లంఘించి అనధికార వ్యక్తిని ఇంట్లో ఉంచుకున్నారు, యజమాని కేసు వేశారు. ఫలితం: అద్దెదారు తప్పు అంగీకరించడంతో ముగిసింది. కింద, నిబంధనలు పాటించని ధోరణి అని అభిప్రాయం.

అనధికార వ్యక్తి ఆమె తమ్ముడు.

నలభై ఒక్కేళ్ళొచ్చినా అందరికీ అతను చిన్నోడే. లారీ మీద ఊళ్ళు తిరిగేవాడు. ఊపిరితిత్తులు చెడిపోయాక, ఒక పొద్దున సంచి పట్టుకుని అక్క గుమ్మంలో నిలబడ్డాడు. "నాలుగు రోజులుండి పోతానే అక్కా" అన్నాడు. "నాలుగు రోజులకైతే ఇంత పెద్ద సంచి ఎందుకురా" అని ఆమె సంచి అందుకుంది. ఇంటి ఒప్పందంలో ఇద్దరే ఉండాలని ఉంది, ఆమే మేనకోడలూ. యజమాని మూడుసార్లు నోటీసు పంపాడు. మూడుసార్లూ ఆమె అది చదివి, మడిచి, చిన్నోడి కంట పడకుండా బియ్యం డబ్బా కింద పెట్టింది. ఏడు నెలలు వాడు ముందు గదిలో, కిటికీ పక్కన, రెండు దిండ్లకు ఆనుకుని ఉన్నాడు. యజమాని అద్దెల కోర్టులో కేసు వేశాడు. మొదటి వాయిదా ఇంకా రాకముందే చిన్నోడు వెళ్ళిపోయాడు. తర్వాతి వారం యజమాని కేసు వెనక్కి తీసుకున్నాడు. ఆ కాయితం తెచ్చి చూపిస్తూ, మెట్ల మీద నిలబడి, "ఇంక ఇబ్బందేం లేదు కదమ్మా" అన్నాడు. ఆ మాటకు ఆమె ఇప్పటిదాకా జవాబు చెప్పలేదు. నెల తిరక్కుండా ఆ ఇల్లు మాత్రం ఖాళీ చేసింది.

"నేనేం అంగీకరించలేదు" అంది ఆఫీసరుతో. "ఆయనే వెనక్కి తీసుకున్నాడు. కోర్టు కాయితం ఉంది నా దగ్గర."

"అది మీరు రిపోర్టు ఇచ్చినవాళ్ళతో తేల్చుకోవాలి మేడమ్."

ఆ కంపెనీ ఒక కళ్ళజోళ్ళ దుకాణం పైన, రెండో అంతస్తులో ఉంది. పదిమంది వరసగా కంప్యూటర్ల ముందు కూర్చుని ఫోన్లు చేస్తున్నారు. ఎవరూ తలెత్తలేదు. చివరి బల్ల దగ్గర ఒకమ్మాయి చెవులకు తగిలించుకున్నది తీసి, "ఏం కావాలక్కా?" అంది. ఆమె రిపోర్టు, కోర్టు కాయితం రెండూ పక్కపక్కన పెట్టింది. ఆ పిల్ల రెండూ చూసి, గబగబా కంప్యూటర్లో ఏదో వెతికి, మొహం చిన్నబుచ్చుకుంది.

"ఇది నేనే ఎక్కించానక్కా."

"నేను తప్పు ఒప్పుకున్నానని నీకెవరు చెప్పారమ్మాయ్?"

"ఎవరూ చెప్పలేదు. ఇటు చూడండి." తెరను ఆమె వైపు తిప్పింది. "కేసు ఫలితం దగ్గర మూడే గడులున్నాయి. ఖాళీ చేయించారు, నడుస్తోంది, అద్దెదారు అంగీకారంతో ముగిసింది. యజమాని వెనక్కి తీసుకుంటే దానికి గడి లేదు. ఏదో ఒకటి నొక్కితే గానీ ముందుకు పోదు. ఇక్కడ అందరం మూడోదే నొక్కుతాం. అదే కాస్త మంచిదిగా కనిపిస్తుందని."

"మంచిదిగానా?"

"ఖాళీ చేయించారు అనే కన్నా నయం కదా అని..." ఆ పిల్ల గొంతు సన్నగిల్లింది. "రోజుకి డెబ్బై ఎక్కించాలక్కా."

పొట్లాలక్కకు ఆ పిల్లను తిట్టాలనే అనిపించింది. కానీ మేనకోడలి వయసే. "మరి ఇళ్ళు అద్దెకిచ్చేవాళ్ళకోసం రాసుకున్నది ఆసుపత్రికెందుకు ఇచ్చారు?" అని మాత్రం అడిగింది.

"రెండూ కలిపి ఇస్తే మా సారు దాన్ని పూర్తి రిపోర్టు అంటారు. ఆసుపత్రివాళ్ళు పూర్తిదే అడిగారు."

"దిద్దు ఇప్పుడు."

"నా చేతిలో లేదు. పైవాళ్ళు చెయ్యాలి. మీరు రాసివ్వండి, ముద్ర వేసిస్తాను. ముద్ర లేకుండా మాత్రం వెళ్ళొద్దక్కా" అని చివరి మాట మెల్లిగా అంది.

ఆమె రాసిచ్చింది, ముద్ర వేయించుకుంది. ఆసుపత్రిలోనూ ఒకటి రాసిచ్చి, అక్కడా ముద్ర వేయించుకుంది. అక్కడి గుమాస్తా, ఇంతవరకూ మమ్మల్ని ఎవరూ ముద్ర అడగలేదు అని గొణిగాడు. "ఇకనుంచి అడుగుతార్లే" అంది ఆమె.

ఏడోరోజున హెచ్.ఆర్. ఆఫీసరే ఫోన్ చేసి రమ్మన్నాడు. ఈసారి కుర్చీ చూపించాడు, మంచినీళ్ళు తెప్పించాడు. స్టెరైల్ గదిలో మనుషులు చాలక పొట్లాలు పేరుకుపోతున్నాయని, అక్కడి హెడ్ నర్సు రోజూ తన ప్రాణం తీస్తోందని తనే చెప్పాడు. ఒక కాయితం ఆమె ముందుకు జరిపాడు.

"చిన్న హామీపత్రం మేడమ్. దీంతో రిపోర్టు అలా ఉన్నా మేం మిమ్మల్ని తీసుకోగలం. రేపే కార్డు ఇచ్చేస్తాను."

ఆమె చదివింది. గతంలో అద్దె ఒప్పందాన్ని ఉల్లంఘించి అనధికార వ్యక్తిని ఉంచుకోవడం నా పొరపాటు. అందుకు విచారిస్తున్నాను. ఇకమీదట సంస్థ నిబంధనలకు కట్టుబడి ఉంటాను.

"చివరి మాటకు ఇప్పుడే సంతకం పెడతాను. మొదటి రెండూ తీసేయండి" అంది.

"అవి లేకపోతే ఈ పత్రానికి అర్థం లేదు మేడమ్. ఉత్త ఫార్మాలిటీ. ఎవరూ చదవరు కూడా."

"ఎవరూ చదవనిదానికి నా చేత ఎందుకు రాయిస్తున్నారు?"

"ఫైల్లో ఉండాలి కాబట్టి."

"సార్, మీకు అక్కలున్నారా?"

"ఒక అక్క ఉంది. ఎందుకు?"

"మీకు ఒంట్లో బాగాలేక ఆవిడ గుమ్మంలోకి వెళ్తే, ఒప్పందం చూసొస్తాను ఆగరా అంటుందా?"

అతను కలం మూత తీసి, పెట్టి, తీశాడు. "నేను మీ మంచికే చెప్తున్నాను. ఉద్యోగం కావాలా, వద్దా?"

"కావాలి. ఇంటద్దె కట్టాలి, పిల్ల ఉంది, నాకు చేతనైన పని ఇదొక్కటే. అందుకే మీ నీళ్ళు తాగి ఇంతసేపు కూర్చున్నాను." ఆమె గొంతు ఎక్కడా పెరగలేదు. "వాడు నా దగ్గర ఏడు నెలలున్నాడు. పొరపాటున ఉండలేదు. నేను ఉండమంటే ఉన్నాడు. విచారిస్తున్నాను అని రాస్తే, వాణ్ణి ఇప్పుడు గెంటేసినట్టు. రాయను."

"ఆలోచించుకోండి."

"ఆలోచించే వచ్చాను బాబూ. చూస్తామన్న నాలుగు విషయాల్లో లేనిదాన్ని మీరు చూశారు. చూపించాల్సిన రిపోర్టు అడిగేదాకా చూపించలేదు. ఇవ్వాల్సిన గడువు ఇవ్వకముందే కార్డు లాక్కున్నారు. నిబంధనలు పాటించని ధోరణి ఎవరిదో మీరూ ఆలోచించుకోండి."

ఆమె ఆ కాయితాన్ని చింపలేదు. తిప్పి, సంతకం చోటు అతని వైపు ఉండేలా పెట్టి, లేచింది.

ఇంటికొచ్చి చెప్తే మేనకోడలు చేతిలో ఫోను పక్కన పెట్టింది. తర్వాత, "నాన్న వింటే, నాకోసం మంచి ఉద్యోగం పోగొట్టుకున్నావేంటే మొద్దుమొహమా అనేవాడు" అంది.

"అననీ. అయినా వాడి మాట నేనెప్పుడు విన్నాను గనక."

ఇద్దరూ నవ్వారు. నవ్వుతూనే పిల్ల మొహం తిప్పుకుని, కళ్ళు తుడుచుకుంది. ఆమె చూడనట్టు కూరగాయలు తరగడం మొదలుపెట్టింది.

కార్మికశాఖ కార్యాలయంలో ఫిర్యాదు ఇవ్వడానికి ఇద్దరూ కలిసి వెళ్ళారు. ఆసుపత్రి మీద ఒకటి, రిపోర్టు ఇచ్చిన కంపెనీ మీద ఒకటి. అక్కడి ఉద్యోగిని అన్నీ తిరగేసి, ముద్రలు చూసి, "ఇంత పద్ధతిగా ఎవరూ తీసుకురారమ్మా" అంది. రెండింటికీ నంబర్లు వేసిచ్చింది. ఎన్నాళ్ళు పడుతుందంటే చెప్పలేనంది.

పొట్లాలక్క ఇప్పుడు ఒక పళ్ళ డాక్టరు దగ్గర పూటపని చేస్తోంది. అక్కడి యంత్రం చిన్నది, పొట్లాలూ చిన్నవే. జీతం సగం. తక్కువ అద్దెలో కొత్తింటికోసం అడిగిన రెండుచోట్లా, ఆ రిపోర్టే చూసి కాబోలు, మళ్ళీ ఫోన్ చేస్తామన్నవాళ్ళు చేయలేదు. హెచ్.ఆర్. ఆఫీసరు మాత్రం రెండుసార్లు ఫోన్ చేశాడు, హామీపత్రం ఇంకా తన దగ్గరే ఉందని. ఉండనివ్వండి అని ఆమె పెట్టేసింది.

ఫిర్యాదులు ఇచ్చి రెండు నెలలైంది. విచారణకు తేదీ వేయలేదు. మూడో పేజీలో ఆ రెండు పంక్తులు ఇంకా కొట్టేయలేదు.