గాజు గంటలో అక్క ఊపిరి

గాజు గంటలు చేసే చోటికి ఎవరి ఊపిరి వాళ్ళే తెచ్చుకోవాలని నాకు ఎవరూ చెప్పలేదు. నాది హోటల్లో, స్నానాల గది అద్దం మీద ఉండిపోయింది. పొద్దున పళ్ళు తోముకుంటూ అద్దం మీద ఊదాను. తిరిగి తీసుకోవడం మరిచిపోయాను.

ఊపిరి లేకపోయినా నాకు పెద్దగా తేడా తెలియడం లేదు. ఆపరేషన్ అయినప్పటి నుంచి దాన్ని తక్కువగానే వాడుతున్నాను.

"ఊపిరి లేకుంటే ఊదే గొట్టం ఎట్ల ఇయ్యాలె?" అంటుంది కినుయో గారు. ఈ కొలిమి ఆమెది. నుదుటికి తువ్వాలు చుట్టుకున్న, పెద్ద పెద్ద చేతుల మనిషి. ఆమె మాట్లాడేది జపనీస్. నాకది వరంగల్ మాటలా వినిపిస్తోంది. దానివల్ల ఎవరికీ ఇబ్బంది లేదు.

నా పక్కన మా తోటికోడలు కనకవల్లి ఉంది. మా బావగారి భార్య. నేను అక్కా అంటాను. కాకినాడలో గోడకేసి తిరిగి పడుకున్న నన్ను లేపి ఈ జపాన్ యాత్రకు తీసుకొచ్చింది ఆవిడే. టూర్‌లో మిగతావాళ్ళు కొండెక్కడానికి వెళ్ళారు. అక్కకు మోకాళ్ళ నొప్పులు. అందుకని గైడ్ మా ఇద్దరినీ ఇక్కడ దించి, చూరుకు వేలాడదీసే గాజు గంటలు ఎలా చేస్తారో నేర్పుతారు, మీరూ ఒకటి చేయండి అని చెప్పి వెళ్ళిపోయాడు.

అక్క మాట్లాడుతుంది. విమానం ఎక్కినప్పటి నుంచి మాట్లాడుతూనే ఉంది. ఇద్దరం ఒకే కిటికీలోంచి చూస్తుంటాం. "అదిగో ఇందూ, వంతెన! అదిగో వరిచేను, అచ్చం మన సామర్లకోట దగ్గరిలా లేదూ?" అని నాకు కనబడుతున్నవన్నీ నాకే చెబుతుంది. ఆ మాటల్లోంచి బయటికి వెళ్ళే తలుపు కోసం నేను చూస్తూ ఉంటాను. ఆ మాటల ఇంటికి ఆవిడ తలుపులు పెట్టించలేదు.

"నాది తీసుకోవే," అంటుంది ఇప్పుడు. "నాకు బోలెడుంది."

"మరి మీకో?"

"నేను ఊరికే కూచుంటాను కదే. కూచున్నదానికి ఊపిరితో ఏం పని?"

కినుయో గారికి ఆ మాట సబబుగానే తోస్తుంది. తల ఊపి గొట్టం అందుకుంటుంది.

అక్క తన ఊపిరిని దోసిట్లోకి వదిలి, నా దోసిట్లో పోస్తుంది. గోరువెచ్చగా ఉంది. పిండని తువ్వాలంత బరువుంది. ఏలకుల వాసన. కింద పడకుండా నోట్లో పోసుకుంటాను. అక్క వెళ్ళి గోడ పక్క బెంచీ మీద కూర్చుంటుంది.

గొట్టం చివర నిమ్మకాయంత గాజు ముద్ద ఎర్రగా మండుతోంది. ఊదుతాను. అది బత్తాయంత అవుతుంది. ఎరుపు పోయి, లోపల తేనె రంగు, ఆ తరువాత ఏ రంగూ లేకపోవడం. నా చేతులతో ఇంత అందమైనది నేనెప్పుడూ చేయలేదు.

"చాలు, ఆపుండ్రి," అంటుంది కినుయో గారు. "జర మిగల్చాలె. మిగిలింది ఆమెకు వాపసియ్యాలె గదా."

నాకు స్పష్టంగానే వినబడుతుంది. కాని నా వెనక బెంచీ దగ్గర చప్పుడు లేదు. ఎన్నాళ్ళ తరువాతో నా చుట్టూ ఎవరూ ఏమీ చెప్పడం లేదు. ఆ నిశ్శబ్దం చల్లటి నేలలా ఉంది, దాని మీద పడుకోవాలని ఉంది. ఆపితే అది అయిపోతుంది.

నేను ఊదుతాను. అడుగున ఉన్నదంతా ఊదుతాను.

కినుయో గారు గొట్టం నా చేతిలోంచి తీసుకుంటుంది. గంటను గొట్టం నుంచి విడదీసి, అంచును సానరాయితో ఒక్కసారి మాత్రం తాకిస్తుంది. మరీ నున్నగా చేస్తే మోగదట. అప్పుడు నేను వెనక్కి తిరుగుతాను.

బెంచీ మీద ఉన్నది అక్క ఒక్కతే కాదు. టోపీ ఒళ్ళో పెట్టుకున్న ముసలాయన, పెళ్ళిబట్టల్లో ఒక అమ్మాయి, చంకలో గొడుగుతో ఒక లావుపాటి ఆవిడ, అందరూ వరుసగా కూర్చుని ఉన్నారు. కళ్ళు తెరిచే ఉన్నాయి. భుజాల మీద సన్నగా దుమ్ము. అక్క నన్ను చూసి నవ్వుతుంది. ఏదో అనబోయి నోరు తెరిచి, అనడానికి ఏమీ రాకపోయేసరికి, పరవాలేదన్నట్టు మళ్ళీ మూసుకుంటుంది.

"ఊపిరి మళ్ళీ ఎలా వస్తుందండీ?" అని అడుగుతాను.

"గంట పగలగొడితే వస్తది."

చేతిలో గంట ఇంకా వెచ్చగా ఉంది. ఎండ దానిలోంచి వెళ్ళి నేల మీద చిన్న చెరువులా పడుతోంది.

"రేపు పగలగొట్టొచ్చా?"

"రేపైనా పగులుతది. గాజే గదా."

"అప్పటిదాకా ఆవిడ ఆగగలదా?"

కినుయో గారు మెత్తటి గుడ్డతో ముసలాయన భుజం తుడుస్తుంది. "ఈయనకు గూడ రేపనే చెప్పిండ్రు," అంటుంది.

నేను గంటను తువ్వాల్లో చుట్టి సంచిలో పెట్టుకుంటాను. ఆమె ఇచ్చిన రంగులూ కుంచే కూడా పెట్టుకుంటాను. ఈ గంటలకు బొమ్మ లోపలి వైపు నుంచి వేయాలట. అక్క చేయి పట్టుకుని లేపుతాను. మిగతావాళ్ళు చోటు సర్దుకుని కూర్చుంటారు.

బస్సులో ముందు సీటు నుంచి విశాలాక్షి గారు వెనక్కి తిరుగుతారు. అమలాపురం ఆవిడ, టూర్‌లో మాకు పరిచయం. "ఏవండీ, కనకవల్లి గారికి ఏవైందండీ? బస్సంతా బోసిపోయినట్టుంది."

"గొంతు నొప్పండీ," అంటాను.

ఆ అబద్ధం చిన్న తడి కప్పలా నా ఒళ్ళో పడుతుంది. చేతిసంచి దాని మీద పెడతాను. విశాలాక్షి గారు చూడనట్టే మళ్ళీ ముందుకు తిరుగుతారు.

కిటికీలోంచి చూస్తాను. నీళ్ళు వస్తాయి, చెట్లు వస్తాయి, ఎవరిదో పెరట్లో ఆరేసిన బట్టలు వస్తాయి. వేటికీ ఎవరూ పేరు పెట్టడం లేదు. అన్నీ నా కోసమే వచ్చి, నా కోసమే వెళ్ళిపోతున్నాయి. నాకు సంతోషంగా ఉంది. ఉండకూడదని తెలుసు. తెలిసి కూడా ఉంది.

నా చేతిలో అక్క చేయి నున్నబడుతోంది, చల్లబడుతోంది. మణికట్టులోంచి సీటు మీది పూల డిజైను కనబడుతోంది. ఒళ్ళో సంచి కింద కప్ప అరుస్తుంది. నేను దగ్గినట్టు నటిస్తాను.

హోటల్ గదికి చేరేసరికి ఇంకా ఎండ ఉంది. స్నానాల గది అద్దాన్ని ఎవరో శుభ్రంగా తుడిచేశారు. ఇక నాకున్న ఊపిరి సంచిలోదే.

గంటను కిటికీకి కడతాను. గాలికి ఒక్కసారి మోగుతుంది. "ఇందూ," అంటుంది, అంతే. నేను అలవాటుగా "ఆఁ" అంటాను. అక్క మంచం మీద కూర్చుని మా ఇద్దరినీ చూస్తుంది.

ఇప్పుడే పగలగొట్టాలి. కాని బొమ్మ వేయకుండా పగలగొడితే సగం పని అవుతుంది, సగం పని చేయడం మర్యాద కాదు అనుకుంటాను. ఇది ఎవరి మర్యాదో ఆలోచించను. కుంచె పళ్ళ మధ్య పట్టుకుని, తడిపిన దారం సూదిలోకి వెళ్ళినట్టు, గంట మూతిలోంచి లోపలికి వెళతాను.

లోపల అన్నం వార్చిన వంటింటిలా వెచ్చగా ఉంది. అక్క ఇవాళ అనవలసిన మాటలన్నీ దండేల మీద బట్టల్లా వేలాడుతున్నాయి. ఇందూ, మెట్టు చూసుకో. ఇందూ, ఆ సూప్‌లో చేప ఉందిట, నువ్వు తాగకు. ఇందూ, చలిగా ఉందేమో, నా శాలువా కప్పుకో. చేతులతో పక్కకు తప్పించుకుంటూ బొమ్మకు గోడ వెతుకుతాను.

అన్నిటికన్నా వెనక, మడిచి పెట్టిన మాట ఒకటి ఉంది. అది నాకు చెప్పేది కాదు. సాయంత్రం ఫోన్లో బావగారికి చెప్పవలసినది.

"నేను నోరు మూసుకుంటే అది మళ్ళీ గోడకేసి తిరిగి పడుకుంటుందండీ. ఆపరేషన్ అయ్యాక చూశాం కదా. నా గొంతు పోతే పోయింది. దాన్ని మళ్ళీ అటు తిరగనివ్వను."

ఆ గోడ నాకు గుర్తుంది. దాని మీద సున్నం పెచ్చు ఊడిన చోటు కూడా గుర్తుంది. అప్పుడు నా వెనక ఎవరో కూర్చుని మాట్లాడుతూ ఉండేవారని మాత్రం ఇప్పుడే తెలుస్తోంది.

కుంచె అక్కడే వదిలేసి బయటికి వస్తాను. మంచం మీద అక్క చాలావరకు లేదు. బొట్టు ఉంది, చేతి గాజులు ఉన్నాయి. మిగిలిన చోటల్లా వెనకున్న తలగడ కనబడుతోంది. కిటికీకి కట్టిన గంట విప్పబోతాను. ముడి రాదు. నేనే వేశాను, ఇంత గట్టిగా ఎందుకు వేశాను? పళ్ళతో కొరుకుతాను.

"అక్కా, నోరు తెరవండి."

బొట్టుకు కాస్త కింద ఏదో తెరుచుకుంటుంది. గంటను కిటికీ అంచుకు కొడతాను. అది ఎవరో గొంతు సవరించుకున్న చప్పుడుతో పగులుతుంది.

ఊపిరి బయటికి వస్తుంది. వచ్చి, అక్క వైపు వెళ్ళదు. నా వైపు వస్తుంది. ఈ పూటంతా దానికి తెలిసింది నేనే మరి. నా పెదవుల దగ్గర ఆగి, లోపలికి రానా అన్నట్టు నిలబడుతుంది. వెచ్చగా, ఏలకుల వాసనతో. నాకు కావాలి. ఎంతగా కావాలో ఇంతకుముందు తెలియలేదు.

రెండు చేతులతో ముక్కూ నోరూ మూసుకుంటాను. అది నా వేళ్ళ మీద తచ్చాడుతుంది. నేను మోకాళ్ళ మీద కూలబడతాను, వేళ్ళు మాత్రం తీయను. చివరికి అది చుట్టూ చూసి, మంచం వైపు నెమ్మదిగా కదులుతుంది.

అక్క ఊపిరి పీలుస్తుంది. ముందు గోళ్ళు వస్తాయి. తరువాత మోచేతులు, చీర, నెరిసిన జడ. మొత్తం మనిషి వచ్చేసింది. అయినా పీల్చడం ఆపదు.

కర్టెన్లు ఆమె వైపు నిటారుగా సాగుతాయి. వీధిలో స్తంభాలు మా కిటికీ వైపు వంగుతాయి. అవతలి ఇళ్ళు ఒకదాన్నొకటి తోసుకోకుండా, వరుసలో జరిగి వస్తాయి. వాటి వెనక స్టేషన్, పట్టాలతో సహా. దాని వెనక సరస్సు, చేపలు రాలకుండా నిలువుగా లేచి. ఊరంతా మా కిటికీ అంచుకు ఆనుకుని ఆగుతుంది. జనం డాబాల మీద, రైలు తలుపుల దగ్గర, టోపీలు పట్టుకుని నిలబడి ఆమె నోటి వైపే చూస్తున్నారు.

ఆమె నా వైపు చూస్తోంది. గుండెల నిండా ఊరంత ఊపిరి. ఇంకా మాటగా వదలలేదు.