నలుగురికి టికెట్లు

"అంతా నీ ఇష్టం. నువ్వే చూసి చెప్పు," అంటూ భర్త ఫోన్ తెచ్చి ఆమె ముందున్న ఆరిన బట్టల కుప్ప మీద పెట్టి, వెళ్లి టీవీ ముందు కూర్చున్నాడు.

ఫోన్‌లో పెద్ద ఊరి బొమ్మలున్నాయి. పాత రాజభవనం, మ్యూజియం, మబ్బుల్లోకి పొడుచుకుపోయిన టవరు, నది మీద పడవ. అన్నీ కలిపి ఒకే టూరు. పొద్దున బస్సు ఎక్కితే సాయంత్రం తెచ్చి దింపేస్తారు. అదొద్దంటే ఎవరికి వాళ్లు విడివిడిగా వెళ్లి చూసుకోవచ్చు. పిల్లల సెలవుల్లో ఆ ఊరు వెళ్దామన్నది ఆయనే. ఆ ఒక్కమాట అనడంతో ఆయన పని అయిపోయింది. రైలు, రూము, మొక్కలకి నీళ్లు పోసే మనిషి, అన్నీ తిరిగి తిరిగి ఆమె నెత్తినే వచ్చి కూర్చున్నాయి. ఇప్పుడు ఇదొకటి.

"అంతా నీ ఇష్టం" అంటే పెళ్లయిన కొత్తలో మురిసిపోయేది. అసలు అర్థం తెలియడానికి కొన్నేళ్లు పట్టింది. బాగుంటే అందరూ ఎంచుకున్నట్టు, బాగోకపోతే ఆమె ఒక్కతే ఎంచుకున్నట్టు. ఒకసారి సముద్రం దగ్గర లాడ్జి ఆమె చూసి పెట్టింది. అక్కడ గీజరు పనిచేయలేదు. ఇప్పటికీ ఇంటికి ఎవరొచ్చినా ఆయన ఆ కథ ఎత్తుతాడు. "మా ఆవిడ సెలెక్షనండీ! చన్నీళ్ల స్నానం ఒంటికి మంచిదని." అందరూ నవ్వుతారు. ఆమె కూడా నవ్వుతుంది. నవ్వకపోతే, "జోకు కూడా పడదు తల్లీ నీకు," అంటాడు.

చొక్కాలు మడతపెడుతూ లెక్కలు వేసుకుంది. కలిపిన టూరైతే బస్సు దిగడం ఎక్కడం, అత్తగారి మోకాళ్లు ఊరుకోవు. "నన్నెందుకు లాక్కొచ్చారు, ఇంట్లో ఓ మూల పడి ఉండేదాన్నిగా," అంటుంది. విడివిడిగా వెళ్తే దారులు వెతుక్కోవాలి, వెతికేది ఆమే. తప్పిపోతే మాట పడేదీ ఆమే. బస్సయితే చిన్నాడు వాంతి చేసుకుంటాడు. మ్యూజియమంటే పెద్దమ్మాయి మూతి ముడుచుకుంటుంది, దానికి టవరు ఒక్కటే కావాలి. భర్తకి గైడు చెప్పే సోది వినడం ఇష్టం ఉండదు, అలాగని గైడు లేకపోతే, "ఇదేంటో చెప్పేవాడు కూడా లేడు," అని విసుక్కుంటాడు. ఎటు తిప్పి చూసినా నలుగురి గొణుగుడూ ముందే వినిపిస్తోంది. ఇంకా ఊరు కదలనేలేదు, అప్పుడే కాళ్లు పీకుతున్నాయి.

మర్నాడు ల్యాబులోనూ అదే ఆలోచన. రక్తం శాంపిళ్లు తీయడం ఆమె పని. పక్కనే ఇంకో టెక్నీషియన్ ఉన్నాడు, ఆమె కంటే వెనక చేరినవాడు. కొత్త మెషీను వచ్చినప్పుడు ట్రైనింగుకి అతన్ని పంపారు. "మీకు ఇల్లు, పిల్లలు ఉంటారు కదమ్మా, ఊళ్లు తిరగలేరు," అన్నారు డాక్టరుగారు, ఏదో మేలు చేస్తున్నట్టు. ఏడ్చే పిల్లలందరూ మాత్రం ఆమె కుర్చీకే వస్తారు. "ఆడవాళ్ల చెయ్యి మెత్తగా ఉంటుంది," అంటారు. ఆ రోజు పొద్దున ఒక పసివాడు నరం దొరక్కుండా గింజుకుని ఆమె మణికట్టు కొరికాడు. వాళ్లమ్మ క్షమించమని కూడా అనలేదు. ఆ తల్లి ముఖం చూస్తే అనే ఓపిక కూడా లేనట్టుంది. ఆమెకి కోపం రాలేదు. ఆ తల్లికి కుర్చీ లాగి వేసింది.

భోజనాల వేళ మెట్ల కింద నిలబడి టూరు ఆఫీసుకి ఫోన్ చేసింది. ఎత్తినావిడ గొంతు బొంగురుగా, తీరిగ్గా ఉంది.

"పెద్దావిడ ఉన్నారండీ. మోకాళ్ల నొప్పులు. బస్సు మెట్లు ఎక్కగలరా?"

"పక్కనుంచి పట్టుకుంటాం మేడం. దిగిన ప్రతిచోటా చక్రాల కుర్చీ ఉంటుంది. తోయడానికి మా మనిషి ఉంటాడు."

"బాబుకి బస్సు పడదు..."

"ముందు సీటు ఇస్తాం. మా అమ్మాయి బస్సులోనే ఉంటుంది. వాంతులు, నీళ్లు, బాత్రూములు, అన్నీ తనే చూసుకుంటుంది. తన ఉద్యోగమే అది."

తన ఉద్యోగమే అది. ఆమె ఆ మాట మనసులో మళ్లీ అనుకుంది. ఆ పనికి ఒక మనిషిని పెట్టుకుంటారని, ఆ మనిషి సాయంత్రం కాగానే ఇంటికి వెళ్లిపోతుందని ఆమెకి ఎప్పుడూ తట్టలేదు.

"ఎంతమందికి రాసుకోమంటారు?"

"నలుగురికి," అంది ఆమె. "పెద్దావిడ, మావారు, ఇద్దరు పిల్లలు."

"మీరు రావట్లేదా మేడం?"

పొరపాటే అది. కావాలని అన్నది కాదు. అన్నం వడ్డించేటప్పుడు నాలుగు కంచాలు పెట్టే చెయ్యి, ఫోన్‌లో నాలుగు అనేసింది. దిద్దుకోవడానికి నోరు తెరిచింది. ఎప్పుడో అందరూ కలిసి వెళ్లిన కొండ మీది కోట గుర్తొచ్చింది. కింద బ్యాగుల పక్కన, నిద్రపోతున్న చిన్నాణ్ని ఒళ్లో వేసుకుని, చెప్పుల గుట్టకి కాపలా కూర్చుంది. గుహల ఊళ్లో అత్తగారికి తోడుగా టికెట్ కౌంటర్ దగ్గర ఆగిపోయింది. ఏ ఊరెళ్లినా ఆమెకి బాగా తెలిసేవి బాత్రూములు, మందుల షాపులు, నీడ ఉన్న అరుగులు. ఇప్పుడు ఈ టవరు కిందా అంతే. ఎవరో ఒకరు ఆగాలి, ఆ ఒకరు ఎవరో అందరికీ తెలుసు.

"మేడం? లైన్లో ఉన్నారా?"

"ఉన్నానండీ. నలుగురికే," అంది.

ఇంట్లో చెప్పలేదు. దాచాలని కాదు. చెబితే ఎందుకూ అని అడుగుతారు. ఎందుకో తనకి కూడా సరిగ్గా తెలియదు.

ఆ ఊళ్లో రెండో రోజు పొద్దున, లాడ్జి ఎదురుగా టూరు బస్సు ఆగింది. నీలం కోటు వేసుకున్న అమ్మాయి దిగి నవ్వుతూ అత్తగారి చెయ్యి పట్టుకుంది. భర్త టికెట్లు అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఒకటి తక్కువొచ్చింది. ఏం చూసుకుంటావో ఏమో! ఒక్క పని సరిగ్గా..."

"తక్కువ రాలేదండీ. నాకు తీసుకోలేదు."

"అదేంటి? ఒంట్లో బాలేదా?"

తలనొప్పి అనడం ఎంత తేలిక! ఇన్నేళ్లుగా తలనొప్పి ఒక్కటే ఆమెకి సెలవు ఇప్పించింది. అదైతే ఎవరూ ఇంకో ప్రశ్న వేయరు. నాలుక చివరిదాకా వచ్చింది కూడా.

"బాగానే ఉంది," అంది. "నేను రావట్లేదు. అంతే."

"మరి అమ్మని ఎవరు చూసుకుంటారు?"

"ఆ అమ్మాయి ఉంది. మీరున్నారు. మాత్రలు మీ జేబులో పెట్టాను, భోజనం అయ్యాక ఇవ్వాలి."

"పిల్లలు..."

"మీ పిల్లలేగా. మీరు చెబితే వింటారు."

ఆయన చుట్టూ చూశాడు. బస్సులో జనం కిటికీల్లోంచి చూస్తున్నారు. నలుగురి ముందు అరవడం ఆయనకి చేతకాదు, ఆ విషయం ఆమెకి తెలుసు. "సాయంత్రం మాట్లాడదాం," అని పళ్లు బిగబట్టి బస్సెక్కేశాడు. చిన్నాడు ముందు సీట్లోంచి చెయ్యి ఊపాడు. పెద్దమ్మాయి మాత్రం దిగొచ్చి, "అమ్మా, నీకు బోరు కొట్టదా?" అని అడిగింది. "ఏమో, చూడాలి," అంది ఆమె. అత్తగారు ఆమె వైపు చూడనేలేదు.

బస్సు వెళ్లాక ఏం చేయాలో తోచలేదు. చేతులు ఖాళీగా ఉంటే ఎక్కడ పెట్టుకోవాలో తెలియక రెండూ కట్టుకుంది. రూముకి వెళ్తే తడి తువాళ్లు, విప్పి పడేసిన బట్టలు కనిపిస్తాయి. కనిపిస్తే చెయ్యి ఊరుకోదు. అందుకని రోడ్డు దాటి, వచ్చిన సిటీ బస్సు ఎక్కేసింది. "ఎక్కడికి?" అన్నాడు కండక్టరు. "చివరిదాకా."

కిటికీ పక్క సీటు. ఏవో వీధులు, షట్టర్లు తీస్తున్న షాపులు, బాల్కనీలో పళ్లు తోముకుంటున్న ఒక ముసలాయన. ఒకచోట ఇళ్ల మధ్యనుంచి టవరు కనిపించి మాయమైంది. తర్వాత ఎప్పుడు నిద్రపోయిందో తెలియదు. ఎవరూ "అమ్మా" అనలేదు, "ఇదిగో" అనలేదు. కండక్టరు వచ్చి సీటు కమ్మీ మీద తట్టేసరికి మెలకువ వచ్చింది. "చివరి స్టాపమ్మా." దిగి చూస్తే సిమెంటు గోదాములు, ఖాళీ స్థలం, పక్కన ఒక టీకొట్టు. టీ తాగింది. వేడివేడిగా, మొదటి చుక్క నుంచి చివరి చుక్క దాకా కూర్చునే తాగింది. మళ్లీ అదే బస్సు ఎక్కి, మళ్లీ నిద్రపోయింది. ఫోన్ మోగింది. భర్త. తీసి, "భోజనం అయ్యాకేనండీ, తెల్ల మాత్ర," అని చెప్పి పెట్టేసింది. కాసేపటికి ల్యాబు నుంచి డాక్టరుగారు చేశారు. అది ఎత్తలేదు.

సాయంత్రం వాళ్లు తిరిగొచ్చారు. చిన్నాడు వాంతి చేసుకున్నాడట, నాన్న చొక్కా మీదే. అది చెబుతూ పడీపడీ నవ్వాడు. పెద్దమ్మాయి టవరు పైనుంచి తీసిన ఫోటోలు చూపించింది. భర్త చొక్కా మార్చుకున్నాడు. సాయంత్రం మాట్లాడదామన్నవాడికి మాట్లాడే ఓపిక లేదు. నడుం పట్టుకుని పిల్లల్ని తీసుకుని కిందకి, ఏదైనా తినిపించడానికి వెళ్లాడు. ఆయన నడక చూస్తే ఆమెకి జాలేసింది. ఆ నడక ఎలాంటిదో ఆమెకి తెలుసు.

గదిలో అత్తగారు మంచం మీద కాళ్లు చాపుకుంది. ఆమె నూనె సీసా వెతుకుతుంటే, "వద్దులే, కూర్చో," అంది.

"ఎక్కడికెళ్లావ్?"

"ఎక్కడికీ లేదత్తయ్యా. ఊరికే బస్సెక్కి చివరిదాకా వెళ్లొచ్చాను. దారంతా నిద్రే."

"నిద్ర పట్టిందా?" ఆ అడగడంలో వెటకారం లేదు. ఆకలిగా ఉన్నవాళ్లు పక్కవాళ్లని తిన్నావా అని అడిగినట్టు అడిగింది. "ఆ కుర్చీలో కూర్చోబెట్టి వాడెవడో తోసుకుంటూ తిప్పాడు. మీ మామగారు ఉన్నన్నాళ్లూ ఏ ఊరెళ్లినా ఆయన బ్యాగు పట్టుకుని వెనక నడిచాను. ఆయన పోయాక నా కొడుకు వెనక. నాకు రాజులూ వద్దు, రాజభవనాలూ వద్దు." మోకాలు రుద్దుకుంది. "రేపు నువ్వు మళ్లీ వెళ్తే నేనూ నీతో వస్తా."

నోట్లోంచి "అలాగే అత్తయ్యా" వచ్చేయబోయింది. అన్ని సంవత్సరాల అలవాటు. ఆ వేళ్ల కణుపులు వాచి ఉన్నాయి, ఆ ముఖం ఎప్పుడూ లేనంత మెత్తగా ఉంది. కాదనడం పాపంలా అనిపించింది. కానీ తీసుకెళ్తే మెట్టు ఎక్కేటప్పుడు పట్టుకోవాలి, నీళ్లు ఇవ్వాలి, నిద్రపోకుండా కూర్చోవాలి. మళ్లీ అదే టూరు.

వెళ్లి మంచం అంచున కూర్చుని అత్తగారి చెయ్యి తీసుకుంది.

"మీకు మంచి బస్సు చూసి ఎక్కిస్తానత్తయ్యా. దిగేచోట మీ అబ్బాయి ఉంటాడు. నేను మాత్రం ఇంకో బస్సెక్కుతాను."

అత్తగారు చెయ్యి వెనక్కి తీసుకోలేదు. కిటికీ వైపు చూసింది. తర్వాత మెల్లగా అడిగింది.

"కిటికీ పక్క సీటు దొరుకుతుందంటావా?"