ఇంకని శుక్రవారం

పొద్దుగూకే వేళకు గరుగుపల్లెలో ప్రతి గడప ముందరా ఒక చెంబు నీళ్ళు పడతాయి. ముగ్గు కోసం కాదు, దుమ్ము అణగడానికీ కాదు. ఆ దినం ఇంకడానికి. ట్యాంకరు నాలుగు దినాలకొకసారి వచ్చే ఊర్లో, బిందెడు నీళ్ళకు జుట్టూ జుట్టూ పట్టుకునే ఊర్లో, ఆ ఒక్క చెంబును మాత్రం ఎవరూ దాచుకోరు.

వాళ్ళది ఇంకుడు మతం. ఎప్పుడో బావులు తవ్వే ఓబన్న అనే మనిషి మొదలుపెట్టినాడు. గ్రంథం లేదు, గుడి లేదు. ఉన్నదంతా ఒకటే మాట: కాలం పారదు, ఇంకుతుంది. ఏటి ఒడ్డున కడుపునిండా తిని కూర్చున్నవాళ్ళు కాలం నదిలాగా పోతుందని రాసుకున్నారు. రాసుకోనీ. ఇక్కడ ఏరంటే ఇసుక. వానైనా, దినమైనా ఈ నేల మీద పడితే పడ్డచోటే కిందికి దిగాల్సిందే. గడిచిన దినాలన్నీ మన కాళ్ళ కిందే ఉన్నాయి.

ఊరి బావి ఎండి పదేళ్ళయినా గిలక మాత్రం తిరుగుతూనే ఉండేది. చేద పైకొస్తే అందులో చుక్క ఉండదు, బరువుంటుంది. ఆ బరువును దోసిట్లోకి తీసుకుని మొహం కడుక్కుంటే ఒక గడియసేపు ఆ దినం మళ్ళీ మనదే. ఊర్లో ఎర్రిస్వామి అయితే శనక్కాయలు విరగపండిన ఏటిది ఒక దినం చేదుకుని, గట్టున కూర్చుని తడిమన్ను వాసన పీల్చి, బీడీ వెలిగించుకుని ఇంటికి పోయేవాడు.

మారెక్క నాలుగేండ్లుగా చేదుతోంది. ఆమెకు కావలసింది ఒకే దినం. తొంభై తొమ్మిదిలో, చేను నిలువునా మాడిన ఏడు, మొగుడు నారాయణ బెంగుళూరు కూలికి పోయిన శుక్రవారం. ఆ పొద్దున ఆమె ఒక మాట అన్నది. "పో, నువ్వు పోతే ఈ ఇంట్లో తినే నోరొకటి తగ్గుతాది" అన్నది. ఆకలి ఆమె చేత అనిపించిన మాట అది. అతను గుక్కెడు నీళ్ళు కూడా ముట్టకుండా సంచి తీసుకుని రోడ్డుకు పోయినాడు. అంతే. జాబు లేదు, జాడ లేదు. ఆ మాట అనకముందు అతని మొహం ఎట్లుండిందో ఒక్క గడియ చూసుకోవాలని ఆమె ఆశ. పెండ్లి దినం చేదలోకి వచ్చింది. అత్త చచ్చిపోయిన దినం రెండుసార్లు వచ్చింది. ఆ శుక్రవారం మాత్రం రాలేదు.

తమ్ముడు కుళ్ళాయప్ప ధర్మవరం నుంచి జీపు మాట్లాడుకుని వచ్చినాడు.

"అక్కా, ఇంక చాలు. ఇల్లు మూసి నాతో రా. ఆడ మగ్గాలకు కండెలు చుట్టుకునైనా బతకొచ్చు."

వేరే ఊరి బావిలో మన దినాలుండవు. అది తెలిసీ మారెక్క మూట కట్టింది. పోయేముందు చివరిసారి చేద వేసింది. ఉత్త చేదే వచ్చింది. గట్టున కూర్చున్న తిమ్మమ్మవ్వ, ఇంకుడువాళ్ళలో అందరికంటే పెద్దది, అడిగింది.

"ఆ పొద్దు గడప ముందర నీళ్ళు పోసినావా మే?"

మారెక్క చేతిలో తాడు ఆగిపోయింది.

"లేదవ్వా. ట్యాంకరు రాలేదు. ఇంట్లో ఉండేది ఒకే చెంబు. బస్సు దొరక్క దప్పికతో తిరిగొస్తాడేమోనని పళ్ళెం మూసి అటక మీద పెట్టినా."

"నాలుగేండ్లుగా బావిని తిట్టుకుంటాండావే! నువ్వు పొయ్యని దినం దాంట్లోకి యాడనుంచి వస్తాది?"

ఇద్దరూ ఇంటికి పోయి చూస్తే అటక మీద చెంబు అట్లాగే ఉంది. పళ్ళెం మీద వేలెడు దుమ్ము. కింద అంచుదాకా నీళ్ళు, చల్లగా.

"పోసేయ్. ఇంకితే బావిలోకి దిగుతాది. ఉండిపో, చేదుకుని ఏడ్చుకో" అంది అవ్వ. "లేదంటే ఎవరికోసం పెట్టినావో వాళ్ళకే ఇయ్యి. ఇంకని దినం ఇంకా గడవలేదు, ఆ రోడ్డు కాడనే ఉండొచ్చు."

"ఆయప్ప ఆడ లేకపోతే?"

"ఎండకు నీళ్ళు ఎగిరిపోతాయి. దినమూ పోతాది. చేదుకునేదానికి కూడా మిగలదు."

మారెక్క చెంబు రెండు చేతులా పట్టుకుని రోడ్డు దిక్కు నడిచింది.

"అక్కా, మూడు మైళ్ళు! జీపెక్కు" అన్నాడు కుళ్ళాయప్ప.

"తొణుకుతాది."

"తొణికేదానికి అదేమన్నా పాలా?" అని గొణిగి, జీపును ఎద్దుబండి మాదిరి ఆమె వెనకాలే నడిపించినాడు.

సగం దారిలో రాయి తగిలి కాలు మడతపడింది. దోసెడు నీళ్ళు ఒలికినాయి. నేల గుటుక్కున తాగింది. ఆ పొద్దులో ఏది పోయిందోనని మారెక్క తడుముకుంది. మొగుణ్ణి ఏదో అన్నది, ఏమన్నదో ఎంత తన్నుకున్నా నోటికి రాలేదు.

రోడ్డు పక్క మైలురాయి మీద నారాయణ కూర్చుని ఉన్నాడు. ఒళ్ళో అదే నీలం సంచి. చెప్పుల మీద ఊరి దుమ్ము ఇంకా ఉంది.

"గుక్కెడు నీళ్ళు తెచ్చేదానికి ఇంతసేపా మే?" అన్నాడు. ఆమెను ఎగాదిగా చూసినాడు. "తల మీద సున్నం పడిందా?"

"దుమ్ము" అంది మారెక్క.

"నువ్వేదో అంటే అలిగి వచ్చినా. ఏమన్నావో చూడు, గుర్తుకే రావడంలే."

"నాకూ రావడంలే."

ముదిగుబ్బ దిక్కునుంచి బస్సు వచ్చి ఆగింది. కండక్టరు తల బయటపెట్టినాడు. "ఏమప్పా, ఎక్కుతావా ల్యాదా?"

నారాయణ చెంబు అందుకున్నాడు. "నీళ్ళు తాగనీ సామీ."

తల వెనక్కి వంచి, నిదానంగా, గొంతు కదిలేది కనపడేట్లు తాగినాడు. మారెక్క కళ్ళార్పలేదు. బస్సు కాసేపు చూసి పోయింది. అడుగున మిగిలిన గుక్కెడు పక్కన పారబోయబోతే ఆమె అతని మణికట్టు పట్టుకుంది.

"ఈడ కాదు. ఇంటికాడ."

కుళ్ళాయప్ప మూట దించి, ఒక్కడే జీపెక్కి పోయినాడు. వాళ్ళిద్దరూ ఊరు చేరేసరికి పొద్దు గూకుతోంది. గడప ముందర చెంబు వంచింది నారాయణే. నీళ్ళు తక్కువే, అయినా నేల వెంటనే పీల్చుకోలేదు, కొంచెంసేపు మెరిసింది.

నాలుగేండ్ల తర్వాత ఆ శుక్రవారం ఇంకింది.