పేరు లేని పింజ

ఆదోని మార్కెట్ యార్డు గేటుకు ఎదురుగా సాదియా కంప్యూటర్లు బాగు చేస్తుంది. పొద్దున్నే షట్టర్ ఎత్తి, కసువు ఊడ్చి, ఒక కుర్చీ బయటేస్తుంది. ఆ కుర్చీ వాళ్ల నాయన రసూల్ సాబ్‌ది. పత్తి పింజ లాగి రకం చెప్పడంలో ఆయనకు సాటి లేరంటే లేరు. చిటికెడు దూది రెండు బొటనవేళ్ల మధ్య పెట్టి లాగితే చాలు, ఇది హొళగుంద నల్లరేగడిది, ఇది మద్దికెర ఎర్రనేలది అనేస్తాడు.

ఇప్పుడు యార్డు పని మానేసి కూతురి అంగట్లో ఉంటాడు. ఏ ఫైలు ఏ ప్రోగ్రాముదో తెలియనప్పుడు, కంప్యూటర్ డబ్బా వెనక వేడిగాలి వచ్చే చోట చెయ్యి పెడతాడు. చిటికెడు దూది చేతికొస్తుంది. లాగి చూసి చెప్తాడు. పక్కన టీ కాచే ఉమాదేవి మాత్రం, "సాబ్, నీ దూదంతా నా పాలల్లో పడతాంది" అని రోజూ పోట్లాట.

ఆ రోజు నందవరం నుంచి కూలి పని చేసుకునే ఏసన్న, కంప్యూటర్‌ను దుప్పట్లో చుట్టి భుజాన మోసుకొచ్చినాడు. వెంట కూతురు సంతోషి. గొంతు ఆపరేషన్ అయి ఆ పిల్లకు మాట పోయింది. అయితే ఆమె మామూలు పిల్లనా? ఆపరేషన్‌కు ముందే తన మాటలన్నీ కంప్యూటర్‌కు చెప్పి దాచుకుంది. టైపు చేస్తే ఆమె గొంతే పలికేది. నెల నుంచి పలకడం లేదు.

"నేనే పోగొడ్తిని సాదియమ్మా," అన్నాడు ఏసన్న.

కంప్యూటర్లో పేకాడే పిచ్చి ఉండేది ఆయనకు. ఇంక ముక్క ముట్టనని చర్చిలో ప్రభువుకు మాటిచ్చి, ఇంటికొచ్చి ఆ ఆటను తీసేసినాడు. 'ఈ ఫైలును వేరే ప్రోగ్రాములు కూడా వాడుతుంటాయి, దీన్నీ తీయాలా?' అని కంప్యూటర్ అడిగింది. పాపం, ఏసన్నకు చదువు రాదు. పేకాట పీడ వేర్లతో సహా పోవాలని, అడిగినదానికల్లా మొదటి గడి నొక్కేసినాడు. ఊర్లో ఒకే గొర్రుతో నాలుగిండ్లవాళ్లు విత్తనమేసినట్టు, ఆటా గొంతూ ఆ ఒక్క ఫైలుతోనే నడిచేవి.

సాదియా పోయిన ఫైళ్లను వెనక్కి రప్పించింది. వచ్చినాయి గానీ ఒక్కదానికీ పేరు లేదు. లోపల కంపెనీ గుర్తు ఉన్నవాటిని ఒక పక్క పెట్టింది, ప్రింటర్‌వి ఇంకో పక్క. ఏ ప్రోగ్రాము దేన్ని పిలుస్తుందో చూసి మరికొన్ని ఏరింది. ఎంత ఓపికో సాదియాకు! మధ్యాహ్నానికి గుర్తూ గిర్తూ లేనివి గుప్పెడు మిగిలినాయి. ఒక్కోటి పెట్టి చూద్దామంటే, దాచిన మాటలు కూడా చెడిపోతాయేమోనని భయం.

"అబ్బా, నువ్వు రా," అని నాయనను పిలిచింది.

రసూల్ సాబ్ చెయ్యి పెట్టినాడు.

"ఇది కెమెరాది, పొట్టి పింజ. ఇది వైరస్, పురుగు తిన్న పత్తి, పారెయ్." మూడోది లాగి చెవి దగ్గర పెట్టుకున్నాడు. "దీంట్లో పేకముక్కలు కలిపే సప్పుడుంది."

"పేకాటదా! వద్దు సాబ్, తీసెయ్! ఆ పీడ మళ్లా నాకొద్దు," అని ఏసన్న ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

"ఒకసారి తొందరపడితివి, సాల్లేదా ఏసన్నా? పింజ ఇంకా తెగలే, ఉండప్పా."

లాగినాడు. దూది జానెడు సాగింది, మూరెడు సాగింది. చివరికొచ్చేసరికి ఆడపిల్ల నవ్వు వినపడింది. సంతోషి తన గొంతు మీద చెయ్యేసుకుంది.

"ఇదేనమ్మా," అన్నాడు రసూల్ సాబ్.

సాదియా ఆ ఫైలును దాని చోట పెట్టింది. ప్రోగ్రాము తెరుచుకుంది. ఏసన్న పక్కకు తిరిగి నిలబడినాడు. ఈ నెలంతా కూతురు కాగితాల మీద ఏదో రాసి చూపిస్తానే ఉంది. తిడతాందనుకుని తలొంచుకునేవాడు. ముద్ద గొంతు దిగేది కాదు.

సంతోషి టైపు చేసింది.

"నెల నుంచి ఇదే రాసి సూపిస్తాండాను నాయనా," అనింది కంప్యూటర్, ఆమె పాత గొంతుతో. "నాకు కోపం లేదు. అన్నం తిను."

ఏసన్న అంగడి మెట్టు మీద కూలబడి బోరున ఏడ్చినాడు. సంతోషి సద్ది విప్పి ముందర పెట్టింది. "ఇంకో ముద్ద తిను, నాయనా" అని కంప్యూటర్ అంటాంటే, కళ్లు తుడుచుకుంటా గిన్నె ఖాళీ చేసినాడు.