అభ్యంతరం

కళ్ళజోడు అద్దాన్ని సాన మీద ఆనించి చెవి ఒగ్గాడు అద్దాల మేస్త్రి. అంచు సరిగా అరుగుతుంటే చప్పుడు సన్నగా, ఒకే తీరుగా వస్తుంది. ముప్పయ్యెనిమిదేళ్ళుగా అదే అతని కొలత. వేళ్ళ కొసలు నీళ్ళలో నాని తెల్లగా ముడతలు పడ్డాయి. ఊరందరికీ చూపు సరిచేసే మనిషికి తన జోడు కాడ మాత్రం దారంతో కట్టి ఉంది.

పక్క బల్ల మూడేళ్ళుగా ఖాళీ. అది తమ్ముడిది. దుకాణం వాటాల దగ్గర మాటా మాటా పెరిగి ఇద్దరూ కోర్టుకెక్కారు. తమ్ముడు యంత్రాలు అమ్ముకుని దేశం దాటేస్తాడని, ఆపమని అర్జీ పెట్టింది ఇతనే. జడ్జిగారు ఇద్దరినీ కట్టేశారు. దావా తేలేదాకా అనుమతి లేకుండా ఎవరూ దేశం దాటకూడదు. పాస్‌పోర్టులు కోర్టులో అప్పగించాలి.

సరిహద్దుకు అవతల అక్క ఉంది. తల్లి పోయాక ఒకణ్ణి చంకనేసుకుని, ఒకణ్ణి చేత్తో పట్టుకుని పెంచిన మనిషి. ఆమె మంచం పట్టిందని వేసవిలో తమ్ముడు పది రోజులు అనుమతి అడిగాడు.

"మీకేమన్నా అభ్యంతరమా?" అన్నాడు ప్లీడరు.

"ఉంది," అన్నాడు మేస్త్రి. తమ్ముడికి అనుమతి రాలేదు. ఆ పూట మేస్త్రి కడుపునిండా భోంచేశాడు కూడా.

పోయిన ఆదివారం అక్క ఫోన్ చేసింది. "మీ గొడవ మీరు పడండి. ఇద్దర్లో ఎవడో ఒకడు రండిరా. ఒకణ్ణి చూస్తే రెండోవాణ్ణీ చూసినట్టే అనుకుంటా."

"వస్తాంలే అక్కా."

సోమవారం పని తెమల్లేదు. మంగళవారం మొహం చెల్లలేదు. ఇవాళ మధ్యాహ్నం చేతిలో పని ముగించి, చొక్కా మార్చుకుని కోర్టుకు నడిచాడు. తమ్ముడు మళ్ళీ పెట్టుకున్న అర్జీకి జవాబు కాగితం మీద ప్లీడరు చూపించిన చోట సంతకం పెట్టాడు. అభ్యంతరం లేదు.

వరండాలో బెంచీ మీద తమ్ముడు కనిపించాడు. పక్కన సంచి. జుట్టంతా నెరిసింది. ఎప్పుడు నెరిసిందో మేస్త్రికి తెలియదు.

కాగితం అందించాడు. "వెళ్ళిరా. సంతకం పెట్టేశాను."

తమ్ముడు అక్షరం అక్షరం చదివి, మడిచి తిరిగి ఇచ్చాడు.

"పొద్దున్నే పోయింది అన్నయ్యా. నీకూ ఫోన్ చేశారట. నువ్వు ఎత్తలేదట."

సాన తిరుగుతుంటే ఫోను వినబడదు. మేస్త్రి బెంచీ చివర కూలబడ్డాడు.

"ఇద్దరం కలిసి అడుగుదాంరా. జడ్జిగారు కాదనరు."

"విచారణ రేపట. ఇవాళ సాయంత్రానికల్లా అక్కడ అంతా అయిపోతుంది. ఇంక వెళ్ళి ఎవర్ని చూస్తాం?"

తమ్ముడు లేచాడు. అన్న భుజం దాకా వచ్చిన చెయ్యి అక్కడే కాసేపు ఆగి వెనక్కి పోయింది. మెట్లు దిగుతున్నాడు.

"ఒరేయ్, సంచి!"

వినిపించే ఉంటుంది. తిరగలేదు.

బెంచీ మీద సంచి మిగిలింది. దాని పిడికి కట్టిన అట్టముక్క మీద అక్క ఇంటి చిరునామా, వెలిసిపోయిన సిరా మీద ఈ మధ్యే మళ్ళీ దిద్దిన అక్షరాల్లో.