అర్చనలో లేని పేరు

లీలాకుమారికి పెళ్లయిన నాటి నుంచీ ఒక సందేహం. గుళ్లో అర్చనకు భర్త పేరూ, పిల్లల పేర్లూ, వాళ్ల గోత్రమూ చెప్పి, తన పేరు చెప్పకుండానే చేతులు జోడిస్తుంది కదా, మరి వచ్చింది తనేనని దేవుడికి తెలుస్తుందా? ఓసారి అడిగితే అత్తగారు అమ్మన్నమ్మ, "మొగుడి పేరులో నువ్వు లేవేటి?" అంది. అదీ నిజమే అనిపించింది. సందేహం మాత్రం పోలేదు.

మూడేళ్ల కిందట, భర్త రమణబాబు భాగస్వామిగా ఉన్న చిట్టీల కంపెనీ మూతపడి, పోలీసులు నేరేడ్‌మెట్ ఇంటికి సోదాకొచ్చారు. వాళ్లందరికీ టీ పెట్టింది లీలాకుమారే. వెళ్తూ వెళ్తూ బీరువాలోంచి ఆయన పాస్‌పోర్టుతో పాటు ఆమెదీ పట్టుకుపోయారు. ఆయన బెయిలు మీద ఇంటికొచ్చాడు. పాస్‌పోర్టులు రాలేదు.

ఇప్పుడు ఆమె భజన బృందం వాళ్లు శ్రీలంకకు, శాంకరీదేవి దర్శనానికి వెళ్తున్నారు. పద్దెనిమిది శక్తిపీఠాల్లో మొదటిది. రోజూ పొద్దున్నే కుక్కర్ ఎక్కిస్తూ ఆమె మొదట తలుచుకునే పేరు అదే.

"నా పాస్‌పోర్టూ రానీ, రెండూ కలిపి తెద్దాం. నీకు విడిగా తొందరేంటి?" అన్నాడు రమణబాబు.

"ఆడు కోర్టు మెట్లెక్కుతుంటే నువ్వు విమానం మెట్లెక్కుతావేటి?" అంది అత్తగారు.

ఇద్దరికీ వడ్డిస్తూ, దేవి దగ్గరికి వెళ్లాలనుకోవడం కూడా స్వార్థమేనా అని తికమకపడింది. ఆయన తప్పు చేశాడో లేదో ఆమెకు తెలియదు. తను చేయలేదని మాత్రం తెలుసు. మరి శిక్షలో తనకు వాటా ఎలా వచ్చింది?

స్టేషన్‌లో తన పాస్‌పోర్టు అడిగితే కానిస్టేబుల్, "సార్ రాలేదా అమ్మా? మీది సుత సార్ కేసుల్నే ఉన్నది. కోర్టుల అడగాలె," అన్నాడు.

పక్కింటి వకీలు ప్రిసిల్లా సంగతి విని నవ్వింది. "మీ మీద కేసుందా ఆంటీ?"

"లేదమ్మా."

"మరి అంకుల్‌ది వచ్చేదాకా ఆగడం దేనికి? మీ పేరున పిటిషన్ వేద్దాం."

కోర్టులో జడ్జిగారు, "మీ పేరేంటమ్మా?" అన్నారు. పూజారి అడిగినట్టే వినిపించింది. చేతులు జోడించి, "రమణబాబు" అంది.

హాలంతా నవ్వు.

"అది ముద్దాయి పేరమ్మా. మీ పేరు?"

చెవులు వేడెక్కాయి. చెప్పింది. ఎవరి గొంతో విన్నట్టుంది.

పిలిచినప్పుడు తెచ్చి చూపించాలన్న షరతు మీద చివరికి పాస్‌పోర్టు చేతికొచ్చింది. కోర్టు వరండాలో నిలబడి తెరిచింది. ఒక్క ముద్రయినా లేని కాగితాలు. ఇది మొదటిసారి ఇంటికొచ్చిన రోజు సంబరంతో, రైల్వే స్టేషన్ దగ్గరి గణపతికి కొబ్బరికాయ మొక్కుకుంది. "దీనికీ మొక్కేనా? బ్యాంకాక్ వెళ్లొచ్చాక చూద్దాంలే," అన్నాడు రమణబాబు. బ్యాంకాక్‌కు ఆయన ఒక్కడే వెళ్లొచ్చాడు. మొక్కు అలాగే ఉండిపోయింది.

ఫోన్ మోగింది. "ఎక్కడున్నావ్? కూర ఏ గిన్నెలో పెట్టావ్?"

"మూత తీసి చూడండి," అని పెట్టేసి, గుడి వైపు ఆటో ఎక్కింది.

"గోత్రం, పేరు?" అన్నారు పూజారి.

పుట్టింటి గోత్రం చెప్పాలో మెట్టినింటిది చెప్పాలో ఆ క్షణాన ఆమెకు తేలలేదు. "గోత్రం సంగతి ఆయనకే తెలుసు స్వామీ," అంది గణపతిని చూస్తూ. "పేరు లీలాకుమారి."

"మీ వారి పేరు?"

"వారు రాలేదండి."

కొబ్బరికాయ ఒక్క దెబ్బకే పగిలింది. గణపతి బాకీ తీరింది.